మెదడు ఎవరి పూచీ?

పోయిన సంక్రాంతికి ఇంటికెళ్ళినప్పుడు మా అవ్వ నన్ను “సాప్టియా కన్ను?” అని అడిగింది. తిన్నానవ్వా అన్నాను తెలుగులో. ఆమె కాసేపు నా మొహంలోకి చూసి, పక్కనున్న మా అమ్మ వైపు తిరిగి “యారిదు?” అంది. ఎవరీ అబ్బాయి అని. బాధ కలిగిన మాట నిజమే కానీ, ముందు ఆశ్చర్యమే వేసింది. నాకు ఊహ తెలిశాక అవ్వ నాతో తమిళంలో మాట్లాడటం అదే మొదటిసారి.

మాది కుప్పం. ఆంధ్ర, తమిళనాడు, కర్ణాటక మూడూ ఒకదాన్నొకటి రాసుకునే మూల. అవ్వ పుట్టింది వాణియంబాడి వైపు ఒక పల్లెలో. ఇంట్లో తమిళమే. పదహారేళ్ళకి కోడలిగా కుప్పం వచ్చి తెలుగు నేర్చుకుంది. ఆ తర్వాత నలభై ఏళ్ళు మార్కెట్లో కూరగాయలమ్ముతూ కన్నడం నేర్చుకుంది. ఏ భాషలోనూ చదవడం, రాయడం రాదు. వేలిముద్రే. కానీ మూడింటిలోనూ బేరమాడగలదు, మూడింటిలోనూ తిట్టగలదు. మా ఊరిలో 1997లో ద్రావిడ విశ్వవిద్యాలయం పెట్టినప్పుడు, అక్కడ ఏం చెప్తారని అడిగి, తమిళం తెలుగు కన్నడం అంటే, “దానికి కాలేజీ ఎందుకురా, సంతకొచ్చి కూర్చుంటే పోలా?” అందట.

రెండేళ్ళ కిందట బెంగుళూరు తీసుకెళ్ళి చూపించాం. డాక్టరుగారు ఎమ్మారై తెరమీద పెట్టి, హిప్పోక్యాంపస్ అనే భాగం రెండువైపులా కుంచించుకుపోయిందని చూపించారు. కొత్త జ్ఞాపకాలు నిలబడటానికి కావలసిన భాగం అది. అల్జైమర్స్ అన్నారు. నేను సాఫ్ట్‌వేర్ ఇంజనీర్ని. ఏం పాడైందో తెరమీద కనిపిస్తే నాకు సగం ధైర్యం వచ్చేస్తుంది. ఇంటికొచ్చి అందరికీ బొమ్మలు గీసి మరీ వివరించాను.

ఆ వివరణ ఆర్నెల్లు పనిచేసింది. తర్వాత ఒకరోజు అవ్వ, ఎదురింటివాళ్ళు కూర్చుని ఉండగా, “నా కమ్మలు ఈయమ్మే ఎత్తుకొనేసింది” అంది అమ్మని చూపించి. ఆ కమ్మలు మా అక్క పెళ్ళికి అవ్వ తన చేత్తో ఇచ్చి చేయించినవే, పదకొండేళ్ళ కిందట. అమ్మ ఏమీ అనలేదు. రాత్రి నేను ఫోన్ చేసినప్పుడు మాత్రం ఏడ్చింది. నేను మళ్ళీ అదే పాట పాడాను: అన్నది అవ్వ కాదమ్మా, జబ్బు. మెదడులో కణాలు చచ్చిపోతున్నాయి, అంతే. అమ్మ కాసేపు ఊరుకుని ఒక ప్రశ్న అడిగింది.

“ఇప్పుడు తిట్టేది కణాలు అంటావు, సరే. అప్పుడు నన్ను బాగా చూసుకున్నదో? అదీ కణాలేనా నైనా?”

అమ్మ అడుగుతున్నదేమిటో నాకు తెలుసు. అమ్మ డిగ్రీ మధ్యలో ఆగిపోయి కోడలిగా వచ్చింది. అవ్వే పట్టుబట్టి పరీక్ష ఫీజు కట్టించింది. పరీక్షలప్పుడు ఆరునెలల నన్ను ఒళ్ళో వేసుకుని, రోజూ మూడు గంటలు పరీక్ష హాలు బయట వేపచెట్టు కింద కూర్చునేది. అంగడి మూసేసుకుని మరీ. అమ్మ తర్వాత టీచరైంది, ఈమధ్యే రిటైరైంది. చదువురాని అత్త వల్ల తాను చదువు చెప్పగలిగానన్నది అమ్మ జీవితంలో పెద్ద మాట. తిట్టుని జబ్బు ఖాతాలో వేస్తే ఆ మంచితనాన్ని ఏ ఖాతాలో వేయాలన్నది ఆమె ప్రశ్న. ఒకటి అవ్వది, ఇంకోటి కణాలది అనడం లెక్క తప్పడమే.

ఆ రాత్రి నా దగ్గర జవాబు లేదు. తర్వాత చాలా నెలలు, శనివారం పొద్దున కుప్పం రైల్లో కూర్చుని, దొరికింది దొరికినట్టు చదివాను. నాకు అర్థమైనంతలో చెప్తాను.

మెదడులో ఎన్ని కణాలుంటాయో ఈమధ్యదాకా ఎవరూ సరిగా లెక్కపెట్టలేదు. పదివేల కోట్లని అందరూ అనేవారు. 2009లో సుజానా హెర్కులానో-హౌజెల్ అనే బ్రెజిల్ శాస్త్రవేత్త బృందం మెదడుని ఒకరకం రసంలా కరిగించి, కేంద్రకాలు లెక్కపెట్టి, మనిషి మెదడులో సుమారు 8,600 కోట్ల నాడీకణాలు ఉంటాయని తేల్చింది. తర్వాత 2014లో ఆఫ్రికా ఏనుగు మెదడునీ అలాగే లెక్కపెట్టారు. 25,700 కోట్లు. మనకి మూడింతలు.

ఏనుగులంటే మా వైపు పుస్తకాల్లో జంతువు కాదు. 1980లలో తమిళనాడు, కర్ణాటక అడవుల వైపు నుంచి మందలు మా కొండల్లోకి వచ్చి ఉండిపోయాయి. 1990లో కౌండిన్య అభయారణ్యం ప్రకటించారు. చెరుకు, వరి, అరటి ఏదుంటే అది తొక్కి తిని పోతాయి. మా నాన్న రాత్రుళ్ళు డబ్బాలు మోగిస్తూ చేలో కాపలా ఉండేవాడు. అదే మందకి అదే చేనుకి దారి మళ్ళీ ఎలా గుర్తుంటుందని ఆశ్చర్యపోయేవాడు. మూడింతలు కణాలున్నాయని తెలిస్తే ఇంకా ఏమనేవాడో. అయితే ఆ కణాల్లో నూటికి తొంభై ఏడుకి పైగా వెనకనుండే చిన్నమెదడులోనే ఉన్నాయి. అంత పెద్ద శరీరాన్నీ, తొండాన్నీ నడపడానికి కావచ్చని అనుకుంటున్నారు. పైపొర కార్టెక్స్‌లో మనకి సుమారు 1,600 కోట్లుంటే ఏనుగుకి 560 కోట్లే.

దీన్ని మనం గెలిచిన లెక్కగా చెప్పుకుంటారు కొందరు. నాకలా తోచలేదు. పరిణామం నిచ్చెన కాదు. ఏ జీవికి ఏ బతుకుంటే ఆ బతుకుకి సరిపోయే మెదడు. అదీ ఎప్పుడూ కొత్తగా కట్టింది కాదు. సముద్రపు నత్తలో జ్ఞాపకం ఎలా నిలుస్తుందో చూసి ఎరిక్ కాండెల్ 2000లో నోబెల్ అందుకున్నాడు. ఆ నత్తలో పనిచేసే అణువులే చాలావరకు మనలోనూ పనిచేస్తాయి. మా పనిలో పాత కోడ్‌ని పారేసి మొదట్నుంచి రాద్దామని ఎవరో ఒకరు రోజూ అంటారు. పరిణామానికి ఆ సౌకర్యం లేదు. నడుస్తున్న బండికే చక్రం మార్చుకోవాలి. అవ్వ తిట్టిన నోరూ, నన్ను జోకొట్టిన నోరూ అలాంటి పాత సామానుతో కట్టినవే.

మరి ఒక మెదడుకీ ఇంకో మెదడుకీ తేడా ఎక్కడ వస్తుంది? అది కట్టేటప్పుడు వస్తుంది. ఇక్కడే అమ్మ ప్రశ్నకి జవాబు దొరికిందనుకుంటాను.

రీటా లెవి-మోంటల్చినీ అనే ఇటలీ యూదు డాక్టరుని 1938 జాతి చట్టాల తర్వాత విశ్వవిద్యాలయంలోకి రానివ్వలేదు. ఆమె టూరిన్‌లో తన పడకగదిలోనే చిన్న ల్యాబ్ పెట్టుకుని, కోడిగుడ్లలో పెరిగే పిండాలను చూస్తూ కూర్చుంది. పిండంలో కాలు మొగ్గని తీసేస్తే, ఆ కాలి కోసం పుట్టిన నాడీకణాలు పుట్టి కూడా చచ్చిపోతున్నాయని గమనించింది. తర్వాత అమెరికా వెళ్ళి, నాడీకణాలు బతకడానికి అవతలి కణాల నుంచి ఒక పదార్థం అందాలని కనిపెట్టింది. 1986లో స్టాన్లీ కోహెన్‌తో కలిసి ఆమెకి నోబెల్ వచ్చింది. దేన్నీ తీసేయకపోయినా, మామూలు ఎదుగుదలలోనే నాడీకణాలు అవసరానికి మించి పుడతాయి. చాలాచోట్ల సగం దాకా రాలిపోతాయి. ఎవరితోనో జత కుదిరిన కణం నిలుస్తుంది. కుదరనిది పోతుంది.

కణాల మధ్య అతుకులకీ ఇదే పద్ధతి. పీటర్ హుటెన్‌లాకర్ 1979లో, రకరకాల వయసుల్లో చనిపోయినవాళ్ళ మెదళ్ళలో ముందుభాగాన్ని సూక్ష్మదర్శిని కింద పెట్టి ఆ అతుకుల్ని లెక్కపెట్టాడు. ఏడాది, రెండేళ్ళ పిల్లల్లో పెద్దవాళ్ళకన్నా దాదాపు సగం ఎక్కువున్నాయి. అంటే ఎదగడమంటే చేర్చుకోవడం మాత్రమే కాదు, తీసేసుకోవడం కూడా. ఏవి ఉండాలో ఏవి పోవాలో చాలావరకు వాడకం తేలుస్తుంది. ఆ వాడకం ఎక్కడినుంచి వస్తుంది? చుట్టూ ఉన్న మనుషుల దగ్గర్నుంచి.

నాకు బాగా తాకిన ప్రయోగం ఇంకోటుంది. 1984లో కెనడాలో జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ ఇంగ్లీషు మాట్లాడే ఇళ్ళలోని పసివాళ్ళకి హిందీ ‘త’, ‘ట’ శబ్దాలు వినిపించారు. మనకి ఆ రెండూ పగలూ రాత్రీ అంత తేడా. ఇంగ్లీషువాళ్ళలో చాలామందికి ఒకటే వినిపిస్తుంది. ఆరు, ఎనిమిది నెలల పిల్లలు మాత్రం తేడా పట్టేశారు. ఏడాది నిండేసరికి ఆ పట్టు చాలావరకు పోయింది. వాళ్ళ చెవులకేమీ కాలేదు. ఆ తేడా ముఖ్యమని వాళ్ళతో ఎవరూ చెప్పలేదు, అంతే.

ఇది చదివాక అమ్మని అడిగాను, ఆ వేపచెట్టు కింద అవ్వ నాతో ఏ భాషలో మాట్లాడేదని. “అరవమే. మేమెవరం పక్కన లేకపోతే నీతో అరవమే మాట్లాడేది” అంది. కాస్త పెద్దయ్యాక, బడికెళ్ళే పిల్లాడని మానేసిందట. నేను తమిళం ఎప్పుడూ నేర్చుకోలేదు. కానీ తమిళులు ‘తమిళం’ అన్నప్పుడు చివర్లో నాలుక మడిచి పలికే ‘ఴ’ నాకు ‘ళ’కి వేరుగా వినిపిస్తుంది. నా తెలుగు స్నేహితుల్లో చాలామందికి వినిపించదు. దీనికి ఆ ఆరునెలలే కారణమని రుజువు చేయలేను. సరిహద్దు ఊరివాణ్ణి, అరవం తర్వాత కూడా చెవిన పడే ఉంటుంది. ఎవరి నోటినుంచి పడినా, నా చెవిలో ఉన్నది నేను సంపాదించుకున్నది కాదు.

ఇప్పుడు అమ్మ ప్రశ్న. అవునమ్మా, ఆ మంచితనం కూడా కణాలే. కానీ కణాలే అన్నంత మాత్రాన అది అవ్వది కాకుండా పోదు. కార్టెక్స్‌లోని నాడీకణాలు చర్మంలా రాలి కొత్తవి రావు. 1950, 60లలో అణుబాంబు పరీక్షల వల్ల గాలిలో పెరిగిన కార్బన్-14ని గుర్తుగా వాడుకుని స్టాక్‌హోంలో యోనాస్ ఫ్రిసెన్ బృందం 2005లో వాటి వయసు లెక్కేసింది. మనిషి వయసూ ఆ కణాల వయసూ దాదాపు ఒకటే. వాణియంబాడి పల్లెలో పుట్టినప్పటి కణాలతోనే అవ్వ కుప్పం వచ్చింది. మొగుడు పోయిన అప్పులూ, మార్కెట్లో పోలీసుల అదిలింపులూ, తాను చదువుకోలేదన్న కుంగూ అన్నీ ఆ కణాల అతుకుల్లోకే చేరాయి. కోడలి ఫీజు కట్టమని పట్టుబట్టింది వాటన్నిటి మొత్తమే. కణాలు వేరు, అవ్వ వేరు కాదు. అరవై ఏళ్ళ వ్యవహారం నిలవుండే చోటు పేరు కణం.

అయితే ఆ వ్యవహారం అవ్వ ఒక్కదానిదే కూడా కాదు. తిరిగి మాట్లాడినవాళ్ళందరిదీ. ఈ పంచుకోవడం ఎంత ముందునుంచి మొదలవుతుందో చూడండి. గర్భంలో మెదడూ వెన్నుపామూ ముందు ఒక చిన్న పలకలా ఉండి, గొట్టంలా ముడుచుకుంటాయి. ఇది నాలుగు వారాల్లో పూర్తవుతుంది. అప్పటికి తల్లికి తను కడుపుతో ఉన్న సంగతే చాలాసార్లు తెలియదు. ఆ గొట్టం సరిగా మూసుకోవడానికి ఫోలిక్ ఆమ్లం కావాలి. దాన్ని 1940లలో లెడర్లీ ప్రయోగశాలలో కృత్రిమంగా తయారుచేసిన బృందానికి పెద్ద మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు. ఆయన చూసింది రక్తహీనత, స్ప్రూ జబ్బుల వైపు. 1948లో ఆయన చనిపోయిన నాలుగు దశాబ్దాల తర్వాత, 1991లో బ్రిటన్ వైద్య పరిశోధన మండలి జరిపిన పరీక్షలో, అంతకుముందు ఒకసారి ఇలాంటి లోపంతో బిడ్డ పుట్టిన తల్లులకి గర్భానికి ముందునుంచే ఫోలిక్ ఆమ్లం ఇస్తే, లోపం మళ్ళీ రావడం 72 శాతం తగ్గింది. కడుపుతో ఉన్నానని తెలిసి, ఆశా కార్యకర్త మాత్ర తెచ్చిచ్చేసరికి గొట్టం మూసుకుని ఉంటుంది. కాబట్టి ఆ బిడ్డ మెదడు బాధ్యత తల్లి ఒక్కదానిమీద పడేయడం అన్యాయం. అది పిండిలో ఫోలిక్ ఆమ్లం కలపాలా వద్దా అని తేల్చే సమాజానిది కూడా.

ఇక్కడ ఒక చిక్కుంది. మెదడు ఇంతమంది కలిసి కట్టిందైతే, ఎవరి తప్పుకీ ఎవరూ బాధ్యులు కారా? నన్నిలా తయారుచేశారు, నేనేం చేయను అని ఎవడైనా అనొచ్చు కదా? చాలారోజులు ఇక్కడే ఆగిపోయాను. చివరికి నాకు తోచింది ఇది. తప్పు మోపడమంటే ఒక మెదడుకి మాట పంపడం. ఆ మాట చేరి, నిలిచి, రేపటి నడతని మార్చగలిగితేనే మోపడానికి అర్థం ఉంది. అవ్వకి నువ్వు అలా అనకూడదవ్వా అని చెప్తే పది నిమిషాల్లో పోతుంది. దాన్ని నిలుపుకునే చోటే కుంచించుకుపోయింది. అందుకే ఆమెని తప్పు పట్టలేం. ఎందుకు అలా అయ్యాడో వివరణ ఉన్నంతమాత్రాన మనిషికి మాఫీ దొరకదు. చెప్తే మారగలవాడికి ఆ వివరణ సాకు కాదు.

ఇదే కొలతతో నా ఇంటివైపు చూస్తే, చెప్తే అందరికన్నా ఎక్కువ మారే మెదడు మా నాలుగేళ్ళ పాపది. బెంగుళూరులో తనని చేర్చిన బడిలో, పాప మాటలు కలిపేస్తోంది, ఇంట్లో ఇంగ్లీషు ఒక్కటే మాట్లాడండి అన్నారు. మేమూ తలూపి, నాలుగు నెలలు అలాగే చేశాం. నిజానికి రెండుమూడు భాషల మధ్య పెరిగే పిల్లలు మాటలు కలపడం రోగం కాదు, మామూలు. హైదరాబాదు నిమ్స్‌లో సువర్ణ అల్లాడి, మరికొందరు కలిసి 648 మంది మతిమరుపు జబ్బువాళ్ళ వివరాలు చూసి 2013లో ప్రచురించారు. రెండు భాషలు మాట్లాడేవాళ్ళకి ఆ జబ్బు సగటున నాలుగున్నరేళ్ళు ఆలస్యంగా మొదలైంది. చదువురానివాళ్ళలోనూ ఆ తేడా కనిపించింది. మూడో భాషవల్ల అదనపు లాభం కనిపించలేదు. తర్వాతి అధ్యయనాలన్నిటిలో ఇదే ఫలితం రాలేదు. సగటు లెక్కని ఒక మనిషికి అంటగట్టకూడదని కూడా తెలుసు. అయినా చదువురాని మా అవ్వకి ఆ సంత భాషలే కొన్నేళ్ళు ఇచ్చాయేమో అనుకోవడం నాకు ఇష్టం. చివర నేర్చుకున్నవి ముందు పోతాయనీ, మొదటివి ఆఖరిదాకా ఉంటాయనీ 1881లోనే థియోడ్యూల్ రీబో అనే ఫ్రెంచి ఆయన రాశాడు. అందరిలో అలా జరగదు. అవ్వకి మాత్రం కన్నడం ముందు పోయింది, ఇప్పుడు తెలుగు పోతోంది.

ఇదంతా ఒక శనివారం వంటింట్లో అమ్మకి చెప్పాను. అమ్మ వంకాయలు తరుగుతూ విన్నది. “బాగా చెప్పినావు నైనా. రాత్రి మూడింటికి లేచి మా ఊరికి పోతానని తలుపు కొట్టేటప్పుడు ఇవేవీ గుర్తురావు” అంది.

అప్పుడు గానీ నాకు తట్టలేదు. నా కొలత ప్రకారం ఈ ఇంట్లో తప్పు మోపదగిన మనిషిని నేనే. మాట చేరితే మారగల మెదడు నాది. అవ్వది కణాల సంగతి అని ఫోన్లో వివరించి పడుకున్నది నేను. తలుపు దగ్గర నిలబడింది అమ్మ.

ఇప్పుడు నెలలో రెండు వారాలు కుప్పం నుంచే పనిచేస్తున్నాను. రాత్రి వంతు నాది. మొదటి వారమే మూడోరాత్రి, నాలుగోసారి లేచి గొళ్ళెం లాగుతుంటే, ఇంత చదివినవాణ్ణి అవ్వమీద గట్టిగా అరిచాను. ఆమె బెదిరిపోయి మంచంమీద ముడుచుకుంది. పొద్దున్నే లేచి “సాప్టియా కన్ను?” అంది. ఆమెకి గుర్తులేదు. నాకుంది, ఉండాలి కూడా.

పాప ఇప్పుడు మాతో పాటే వస్తోంది. ఇంట్లో ఇంగ్లీషు నియమం ఎత్తేశాం. అవ్వ మంచం పక్కన కూర్చుని తనకొచ్చిన నాలుగు ముక్కలూ కలిపి మాట్లాడుతుంది. అవ్వ అడిగినప్పుడల్లా “సాప్టేన్ అవ్వా” అంటుంది. అరగంటలో అవ్వ మళ్ళీ అడుగుతుంది. పాప మళ్ళీ చెప్తుంది.